ఓయిపెన్‌కు ఒక సీటు, పర్లాకిమిడికి ఒక అక్షరం

సంపాదకులు గారికి నమస్కారం.

లోక్‌సభ నియోజకవర్గాల పునర్విభజన మీద మీ పత్రికలో వచ్చిన వ్యాసం షాపులో నిలబడే చదివేశాను. జనాభాను బట్టే సీట్లు పంచితే దక్షిణాదికి అన్యాయం జరుగుతుందని చెబుతూ, రాసినవారు యూరోపియన్ పార్లమెంటు లెక్క చూపించారు. మొత్తం 720 సీట్లలో జర్మనీకి 96, మాల్టాకు 6. జర్మనీలో ఎనిమిది కోట్ల పైచిలుకు జనం, మాల్టాలో ఐదున్నర లక్షలు. తలల లెక్కన పంచితే మాల్టాకు ఒక్క సీటు రావడమే కష్టం. చిన్న దేశం గొంతు మునిగిపోకూడదని, ఏ దేశానికీ 6 కంటే తగ్గకూడదని, ఎంత పెద్ద దేశానికైనా 96 దాటకూడదని వాళ్లు ఒప్పందంలోనే రాసుకున్నారు. మీ వ్యాసం అక్కడితో ఆగింది. ఆ లెక్కలో ఇంకా చిన్న అంకె ఒకటి ఉంది: బెల్జియంలో జర్మన్ మాట్లాడే కొద్దిమందికి ఇచ్చిన ఒక్క సీటు. ఒడిశాలో ఉన్న మాలాంటి తెలుగువాళ్లకు అది చాలా చెబుతుంది. దాని గురించి చెప్పాలని ఈ ఉత్తరం. మీరు మామూలుగా వేసే ఉత్తరాల కంటే ఇది పొడుగు. కోయక తప్పకపోతే ఎక్కడైనా కోయండి గానీ, చివర్లో ఓటరు జాబితా గురించి రాసింది మాత్రం ఉంచండి.

మాది పర్లాకిమిడి, ఒడిశాలో గజపతి జిల్లా. నేనూ మావారూ జిరాక్స్ షాపు నడుపుతున్నాం. జిరాక్స్ అని బోర్డు ఉన్నా, సగం పని ఆన్‌లైన్ ఫారాలే. పెన్షను, ఆధార్, స్కాలర్‌షిప్, ఓటరు కార్డు. మహేంద్రతనయ నది అవతల పాతపట్నం. అది ఆంధ్ర. మా ఆడపడుచును ఇచ్చింది అక్కడే. మీ పత్రిక మాకు వచ్చేదీ ఆ పక్క నుంచే.

నా తమ్ముడు జర్మనీలో ఆఖెన్ అనే ఊళ్లో ఎం.ఎస్. చదివి, అక్కడే ఉద్యోగంలో చేరాడు. ఆ ఊరు జర్మనీ అంచున ఉంది. అక్కడి నుంచి పదిహేను, పదహారు కిలోమీటర్లు పోతే బెల్జియంలో ఓయిపెన్ అనే చిన్న పట్నం. ఒక ఆదివారం అక్కడికి వెళ్లి వీడియో కాల్ చేశాడు. "అప్పా, దేశం మారింది గానీ బోర్డులు మారలేదు, చూడు" అని ఫోను తిప్పి వీధంతా చూపించాడు. రొట్టెల కొట్టు, మున్సిపాలిటీ, బడి, అన్నిటి మీదా జర్మనే. బెల్జియం అంటే డచ్, ఫ్రెంచ్ అనుకునేదాన్ని. జర్మన్ కూడా అక్కడ అధికార భాషేనని అప్పుడే తెలిసింది. "ఇది పాతపట్నం దాటి మన ఊరు వచ్చినట్టే ఉంది, కాకపోతే ఇక్కడివాళ్ల సొంత అక్షరాలు గోడల మీద ఉన్నాయి" అన్నాడు. ఆ మాట నాకు చాలా రోజులు మనసులో తిరిగింది.

ఆ ప్రాంతం మొదట జర్మనీది. మొదటి ప్రపంచ యుద్ధం తర్వాత, వెర్సాయ్ ఒప్పందం ప్రకారం 1920లో బెల్జియం చేతికి వచ్చింది. జనాన్ని అడిగామని చెప్పుకోవడానికి ఒక పుస్తకం పెట్టారు. బెల్జియంలో కలవడం ఇష్టం లేనివాళ్లు ఆఫీసుకు వచ్చి అందరి ముందూ పేరు రాసి సంతకం పెట్టాలి. రహస్య ఓటు లేదు. దాదాపు 34 వేల మంది ఓటర్లలో సంతకం పెట్టినవాళ్లు 271 మంది. కొత్త దొరల ఎదుట పేరు రాయాలంటే ఎవరికి ధైర్యం చాలుతుంది? 1940లో హిట్లర్ సైన్యం ఆ నేలను మళ్లీ జర్మనీలో కలుపుకుంది. యుద్ధం అయ్యాక తిరిగి బెల్జియానికే వచ్చింది. ఆ తర్వాత ఆ మనుషుల్ని అనుమానంగా చూసిన రోజులు కూడా ఉన్నాయి.

మా కథ అంత రక్తపాతంగా లేదు. 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా ప్రత్యేక రాష్ట్రం అయింది. అంతకుముందు మద్రాసు రాష్ట్రంలో ఉన్న మా ఊరు అటు వెళ్లింది. కమిటీలు వచ్చాయి, అర్జీలు తీసుకున్నాయి. ఇంటింటికీ వచ్చి ఏ పక్క ఉంటారని ఓటు అడగలేదు. గిడుగు రామమూర్తి పంతులు గారు ఇక్కడే పాఠాలు చెప్పారు. వాడుక భాషలో రాయాలని కొట్లాడిందీ, కొండల్లోని సవరల భాష నేర్చుకుని దానికి వాచకాలు తయారు చేసిందీ ఈ ఊళ్లో ఉన్నప్పుడే. ఊరు ఒరిస్సాలో కలిసిన ఆ 1936లోనే ఆయన పర్లాకిమిడి విడిచి రాజమండ్రి వెళ్లిపోయారు. ఈ రోజు మీరూ నేనూ పత్రికలో ఇలా మాట్లాడుకున్నట్టు రాసుకుంటున్నామంటే, అందులో మా ఊరి వాటా ఉంది. ఆయన వెళ్లిపోయారు. మా తాతలకు ఇక్కడ పొలాలు, కొట్లు, మగ్గాలు ఉన్నాయి, ఉండిపోయారు.

ఒడియావాళ్లతో మాకు ఏ పేచీ లేదు. ఈ మాట ముందే స్పష్టంగా చెప్పాలి. రథయాత్రకు తాడు పట్టుకునేవాళ్లలో మేమూ ఉంటాం. మా షాపులో పనిచేసే అమ్మాయి ఒడియా, దానికి తెలుగు సామెతలు నాకంటే బాగా వచ్చు. మా పిల్లలు ఒడియాలో చదివి ఒడియాలో మార్కులు తెచ్చుకుంటున్నారు. నేను అడిగేది ఎవరి దగ్గర నుంచో లాక్కునేది కాదు.

ఇక ఆ చిన్న అంకె. బెల్జియం నుంచి యూరోపియన్ పార్లమెంటుకు 22 మంది వెళ్తారు. దేశమంతా కలిసి ఒకే జాబితాకు ఓటు వేయరు. డచ్ వాళ్లు 13 మందిని, ఫ్రెంచ్ వాళ్లు 8 మందిని విడివిడిగా ఎన్నుకుంటారు. మిగిలిన ఒక్కరిని జర్మన్ మాట్లాడే ప్రాంతం ఎన్నుకుంటుంది. ఆ ప్రాంతమంటే తొమ్మిది మున్సిపాలిటీలు, ఎనభై వేలకు లోపు జనం. జర్మనీలో ఒక సభ్యుడి వెనక ఎనిమిది లక్షల పైన జనం ఉంటే, ఇక్కడ అందులో పదో వంతు కూడా లేరు. మాల్టాలో కూడా ఒక్కో సభ్యుడి లెక్కకు వచ్చేది ఇంతకంటే ఎక్కువే.

ఇది మొదటి నుంచీ లేదు. 1979లో యూరోపియన్ పార్లమెంటుకు ప్రజలు నేరుగా ఓటు వేయడం మొదలైనప్పుడు ఈ జర్మన్ వాళ్లు ఫ్రెంచ్ వాళ్లతో కలిపి ఓటు వేసేవాళ్లు. లక్షల ఫ్రెంచ్ ఓట్ల మధ్య వాళ్లు ఎవరికీ కనబడరు. 1994 నుంచి వాళ్లకంటూ ఒక సీటు ఉంది.

నాకు అన్నిటికంటే నచ్చిన సంగతి వేరే ఉంది. బెల్జియంలో భాషల వారీగా జనాన్ని లెక్కపెట్టడం 1961లోనే చట్టం చేసి మానేశారు. ప్రతి లెక్కకూ భాషల హద్దులు జరిగి ఊళ్ల మధ్య గొడవలు అయ్యేవి. అందుకని ఆ సీటు ఎంతమంది జర్మన్ మాట్లాడుతున్నారన్న దాని మీద ఆధారపడి లేదు. ఆ తొమ్మిది ఊళ్లకు ఇచ్చారు. ఓయిపెన్‌లో కాపురముండే ఫ్రెంచ్ ఆవిడ కూడా ఆ సీటుకే ఓటు వేస్తుంది. కాబట్టి పిల్లలు ఇంకో భాషలో చదివినా, ఇంట్లో రెండు భాషలు కలిసిపోయినా, మీరు తగ్గిపోయారు కాబట్టి సీటు తీసేస్తాం అనే టెన్షన్ లేదు. మాకు ప్రతి జనగణనకూ ఉండే భయం అదే.

2024 జూన్ 9, ఆదివారం అక్కడ పోలింగ్. మా ఎన్నికల తర్వాత నెల కూడా కాలేదు. మే 13న పర్లాకిమిడిలోనూ పాతపట్నంలోనూ ఒకే రోజు ఓటు వేశాం, జూన్ 4న ఫలితాలు చూశాం. ఆ వారమే తమ్ముడు ఓయిపెన్ వెళ్లి పోస్టర్ల ఫోటోలు పంపించాడు. అతనికి అక్కడ ఓటు లేదు, ఇక్కడి ఓటుకు రాలేకపోయాడు. ఆ రోజు ఓయిపెన్ వాళ్లు యూరోపియన్ పార్లమెంటుకు, బెల్జియం పార్లమెంటుకు, తాముండే వాలోనియా ప్రాంతం సభకు, తమ సొంత జర్మన్ సభకు, మొత్తం నాలుగింటికి ఓటు వేశారు. ఆ సొంత సభలో 25 మంది సభ్యులు. బడులు, సంస్కృతి లాంటివి వాళ్ల చేతిలోనే ఉంటాయి. బెల్జియంలో ఓటు వేయడం తప్పనిసరి. యూరోపియన్ పార్లమెంటుకు ఆ ఏడే మొదటిసారి 16 ఏళ్లు నిండినవాళ్లకూ ఓటు ఇచ్చారు.

ఆ ఏర్పాటులో లోపం లేదని అనను. ఒక్కటే సీటు కాబట్టి ఎక్కువ ఓట్లు వచ్చిన పార్టీదే అది. 1994 నుంచి ఇప్పటిదాకా ఒకే పార్టీ గెలుస్తోంది. మథ్యూ గ్రోష్ ఇరవై ఏళ్లు, 2014 నుంచి పాస్కల్ అరిమాంట్. మిగతా పార్టీలకు ఓటు వేసినవాళ్లు ప్రతిసారీ ఓడిపోవడమే. 720 మందిలో ఒక్కరి మాట ఎంత చెల్లుతుందని కూడా అడగవచ్చు. పైగా ఆ పార్లమెంటు తనంతట తాను చట్టం ప్రతిపాదించలేదు, వచ్చిన ప్రతిపాదనను దిద్దడం, ఒప్పుకోవడం, తోసిపుచ్చడం దాని పని. అయినా ఆ ఒక్కరు లేచి నిలబడితే, ఈ తొమ్మిది ఊళ్లు ఉన్నాయని మిగతా 719 మందికి తెలుస్తుంది. పైగా తన సొంత భాషలో మాట్లాడవచ్చు, 24 అధికార భాషల్లో అది ఒకటి.

మన దేశంలో ఇలాంటి ఆలోచనే లేదని అనుకోకండి. ఆంగ్లో ఇండియన్లకు లోక్‌సభలో ఇద్దరిని నామినేట్ చేసే వీలు రాజ్యాంగంలోనే ఉండేది, 2020 జనవరి దాకా నడిచింది. చిన్న గుంపు ఓట్ల లెక్కలో ఎప్పటికీ గెలవలేదని రాజ్యాంగం రాసినవాళ్లకు తెలుసు. భాష విషయంలో 1956లో 350ఎ, 350బి అధికరణాలు చేర్చారు. అల్పసంఖ్యాక భాషల పిల్లలకు ప్రాథమిక విద్య మాతృభాషలో అందాలని మొదటిది, ఆ సంగతులు చూడటానికి ఒక ప్రత్యేక అధికారి ఉండాలని రెండోది చెబుతాయి. నేను ఏడో తరగతి దాకా తెలుగులో చదివాను. నా కూతురికి ఆ అవకాశం దొరకలేదు. టీచరు రిటైరయ్యారు, మళ్లీ ఎవరూ రాలేదు. తనకు అక్షరాలు నేర్పింది మీ పత్రిక హెడ్డింగులే. రాత్రి అన్నాలయ్యాక పెద్ద అక్షరాల మీద వేలు పెట్టి కూడబలుక్కుని చదివేది. ఇప్పుడు కాలేజీకి వెళ్తోంది, తెలుగు మెసేజులు తెలుగులోనే పెడుతుంది.

మాకు పెద్దవాళ్ల అండ లేక కాదు. వి.వి.గిరి గారు బరంపురంలో పుట్టినవారే. 1996లో పి.వి.నరసింహారావు గారు నంద్యాల నుంచీ బరంపురం నుంచీ గెలిచి, నంద్యాల వదులుకుని బరంపురం ఉంచుకున్నారు. అంత పెద్ద తెలుగు నాయకుడు మన జిల్లా సీటులో ఉన్నారని ఇంట్లో పెద్దవాళ్లు ఇప్పటికీ చెప్పుకుంటారు. కానీ పెద్ద మనిషి ఒకరు ఒకసారి గెలవడం వేరు, ఎవరు గెలిచినా మా సంగతి చూడక తప్పని ఏర్పాటు ఉండటం వేరు.

ఆ ఏర్పాటు లేకపోతే ఏమవుతుందో మా షాపు బల్ల మీద రోజూ చూస్తున్నాను. మా అత్త పేరు వరలక్ష్మి. ఓటరు కార్డులో బరలక్ష్మి. ఒడియా రాతలో వ కూ బ కూ మామూలుగా ఒకే అక్షరం. రాసేవాళ్లు ఒడియాలో సరిగ్గానే రాస్తారు. దాన్ని చూసి ఇంగ్లీషులోకి మార్చేటప్పుడు వ కాస్తా బ అయిపోతుంది. వెంకటరావు బెంకటరావు అవుతాడు, వాసు బాసు అవుతాడు. ఒకరోజు మా అత్త పెన్షను పని మీద ఒక ఆఫీసుకు వెళ్తే, పాస్‌బుక్కులో ఉన్న మనిషీ కార్డులో ఉన్న మనిషీ వేరని తిప్పి పంపించారు. ఎండలో నాలుగుసార్లు తిరిగింది. నాలుగోసారి ఇంటికొచ్చి అరుగు మీద కూర్చుని, "మా నాన్న పెట్టిన పేరు నాది కాదంటున్నారే" అని ఏడ్చింది. డెబ్భై రెండేళ్ల మనిషి. ఓటరు కార్డులో తప్పులు దిద్దడానికి పెట్టే ఫారం 8 నేనే నింపాను. దిద్ది వచ్చిన కార్డులో ఈసారి ఇంటిపేరు మారింది. మళ్లీ నింపాను. ఇలాంటి ఫారాలు నా దగ్గరకు నెలంతా వస్తూనే ఉంటాయి. ఆ డబ్బులు తీసుకోవడానికి నాకు మనసు ఒప్పదు, చాలామంది దగ్గర తీసుకోను.

ఓయిపెన్‌లో ఓటరుకు వచ్చే కాగితం ఓటరు భాషలో వస్తుంది. తన పేరు తప్పుంటే తానే చదివి పట్టుకుంటాడు. మా అత్తకు తెలుగు చదవడం వచ్చు. ఆ జాబితా తెలుగులో కూడా గోడకు అంటించి ఉంటే, కళ్లద్దాలు పెట్టుకుని తానే వెళ్లి చూసుకునేది.

కొటియా గ్రామాల మాట కూడా ఒకటి చెప్పాలి. కొరాపుట్‌కూ సాలూరుకూ మధ్య ఉన్న ఆ 21 ఊళ్లు ఎవరివన్న వివాదం రెండు రాష్ట్రాల మధ్య దశాబ్దాలుగా నడుస్తోంది. 2021 ఫిబ్రవరిలో అందులో మూడింటిలో ఆంధ్రప్రదేశ్ పంచాయతీ ఎన్నికలు జరిపితే, ఒడిశా కోర్టుకు వెళ్లింది. అక్కడివాళ్ల దగ్గర రెండు రాష్ట్రాల కార్డులు ఉన్నాయని మీ పత్రికల్లో రాశారు. ఓయిపెన్ పక్కనే కెల్మిస్ అనే ఊరుంది. జింకు గని కోసం రెండు రాజ్యాలు తేల్చుకోలేక 1816లో దాన్ని ఏ ఒక్కరిదీ కాని నేలగా ఉమ్మడి పాలనలో ఉంచాయి. మొదటి ప్రపంచ యుద్ధం దాకా అలాగే ఉంది. ఇప్పుడు ఆ ఊరు కూడా ఆ ఒక్క సీటుకే ఓటు వేస్తోంది. ఒక మనిషికి ఒకే ఓటు అన్నది అక్కడ గట్టి నియమం. 2014లో ఒక ప్రముఖ జర్మన్ వారపత్రిక సంపాదకుడు, ఇటలీ పౌరుడిగా ఒకసారి, జర్మనీ పౌరుడిగా ఒకసారి ఓటు వేశానని టీవీలో చెప్పి విచారణ దాకా వెళ్లారు. కొటియా జనం రెండు కార్డులు కోరి తెచ్చుకున్నవి కావు. రెండు ప్రభుత్వాలూ కార్డులు తెచ్చి వాళ్ల చేతిలో పెట్టాయి.

మీ వ్యాసం మొదలుపెట్టిన పునర్విభజనకే వస్తాను. 1971 జనాభా లెక్కల ప్రకారం రాష్ట్రాలకు లోక్‌సభ సీట్లు ఆగిపోయి ఉన్నాయని, దక్షిణాది ఎంత నష్టపోతుందని మీరందరూ వాదిస్తున్నారు. ఆ వాదనలో తెలుగువాళ్లంటే రెండు తెలుగు రాష్ట్రాల్లో ఉన్నవాళ్లే. ఒడిశాకు ఉన్న 21 సీట్ల కింద మేమూ ఉన్నాం. పునర్విభజన చట్టంలో నియోజకవర్గం గీసేటప్పుడు చూడాల్సినవి రాశారు: ప్రాంతం ఒక్క ముక్కగా ఉండటం, కొండలూ నదులూ, పాలనా హద్దులు, రాకపోకలు, జనం సౌకర్యం. భాష అందులో లేదు. ఒక గీత కాస్త ఇటు జరిగితే, పక్కపక్కనే ఉన్న తెలుగు ఇళ్లు రెండు నియోజకవర్గాల్లోకి చెదిరిపోతాయి. అప్పుడు ఏ అభ్యర్థికీ మా వీధిలోకి రావాల్సిన పని ఉండదు. మా గురించి అడిగేటప్పుడు సవరల గురించి కూడా అడగాలి. గజపతి కొండల్లో వాళ్లు మాకంటే ముందు నుంచీ ఉన్నారు. గిడుగు వారు ఆ సంగతి మాకంటే బాగా ఎరిగినవారు.

నేను పార్లమెంటు సీటు ఇమ్మనడం లేదు. పునర్విభజన సంఘం ఒడిశాలో అభ్యంతరాలు వినేటప్పుడు సరిహద్దు జిల్లాల భాషా మైనారిటీల మాట విడిగా వినాలి. చిత్తు పటం తెలుగులో కూడా ఇక్కడి జనం కంటపడాలి. తెలుగువాళ్లు ఎక్కువగా ఉండే వార్డుల్లో ఓటరు జాబితాను ఒడియాతో పాటు తెలుగులో కూడా గోడకు అంటించాలి. కంప్యూటర్‌లో ఎక్కించే ముందు పేరు ఎలా పలకాలో ఆ ఇంటి మనిషినే ఒక్కసారి అడగాలి. దీనికి కొత్త చట్టం అక్కర్లేదు, డబ్బు కూడా పెద్దగా కాదు.

జనగణనకు వచ్చేవాళ్లు మాతృభాష అడుగుతారు. మా పక్క చాలామంది, ముఖ్యంగా ఆడవాళ్లు, వచ్చినవారు ఏ భాషలో అడిగితే ఆ భాష పేరే చెప్పేస్తారు. మర్యాదకు అలా అంటారు. ఈసారి ఇంట్లో మాట్లాడే భాషే చెప్పమని మా షాపుకు వచ్చే ప్రతివాళ్లకూ చెబుతున్నాను. మీరు కూడా పత్రికలో వేస్తే ఇంకా చాలామందికి చేరుతుంది.

మీకు ఇంకొక్క మనవి. మా ఊరి వార్త ఎప్పుడు వచ్చినా పాతపట్నం పేరుతో వస్తుంది. కరస్పాండెంటు అక్కడ ఉంటారు కాబట్టి అలా వేస్తారని తెలుసు. నా కూతురు చిన్నప్పుడు మీ పేజీలో మన ఊరి పేరు ఎక్కడుందని వెతికి వెతికి అడిగేది. ఈ ఉత్తరం వేస్తే కింద ఊరి పేరు ఉన్నది ఉన్నట్టు వేయండి.

ఇట్లు
మీ పాఠకురాలు
పర్లాకిమిడి, గజపతి జిల్లా, ఒడిశా